అర్జీకి జవాబు: పర్లాకిమిడి రైతుల దావా చెప్పే చరిత్ర

శిస్తు కడతానని వెళితే కట్టించుకోరు. తండ్రి పేరు మీదున్న పట్టా తన పేరుకు మార్చమని అర్జీ పెడితే అవుననీ చెప్పరు, కాదనీ చెప్పరు. హోసూరులోనైనా, బళ్ళారిలోనైనా, బరంపురంలోనైనా, షోలాపురంలోనైనా కాస్తో కూస్తో పొలమున్న తెలుగు కుటుంబానికి ఈ తిప్పలు కొత్త కాదు. కాదని కాగితం మీద రాసిచ్చినా ఒక విధంగా మేలే. ఆ కాగితం పట్టుకుని పై అధికారి దగ్గరకు అప్పీలుకు వెళ్ళవచ్చు. ఏమీ చెప్పకుండా ఊరుకుంటే ఎవరితో చెప్పుకోవాలి?

ఈ రోజున దీనికి జవాబు ఉంది. హైకోర్టుకు వెళ్ళి, ఫలానా అధికారి తన విధి తాను చేసేలా ఆజ్ఞాపించండి అని అడగవచ్చు. దాన్నే మాండమస్ రిట్ అంటారు. ఇంగ్లండు న్యాయం నుంచి వచ్చిన మాట. ఇప్పుడిది వకీళ్ళకు రోజువారీ పని. కానీ 1950కి ముందు ఊరి రైతుకు ఈ దారి లేదు. లేదని తేల్చి చెప్పిన తీర్పు కూడా మన పొరుగున, తెలుగూ ఒడియా కలిసి వినిపించే పర్లాకిమిడి సీమ రైతుల కేసులోనే వచ్చింది. ఆ కథ రాష్ట్రం బయట ఉన్న తెలుగువాళ్ళు తప్పక తెలుసుకోవలసింది.

పన్ను జోలికి రావద్దు

కథ కలకత్తాలో మొదలవుతుంది. 1774లో అక్కడ సుప్రీంకోర్టు ఏర్పడింది. వ్యాపారానికి వచ్చిన కంపెనీ అప్పటికే పన్నులు వసూలు చేసే సర్కారుగా మారింది. పన్ను వసూలులో జరిగే అన్యాయాల మీద ఫిర్యాదులు కోర్టుకు చేరసాగాయి. 1779-80లో కాశీజూరా జమీందారు మీద కోర్టు తన మనుషులను పంపితే, గవర్నర్ జనరల్ కౌన్సిలు సిపాయిలను పంపి వాళ్ళను అడ్డుకుంది. కోర్టు గొప్పదా, కచేరీ గొప్పదా అన్న తగాదా లండన్ దాకా వెళ్ళింది. 1781లో బ్రిటిష్ పార్లమెంటు చట్టం చేసి కచేరీని గెలిపించింది. రెవెన్యూకు సంబంధించిన ఏ విషయంలోనూ సుప్రీంకోర్టు కలగజేసుకోరాదని అందులో రాశారు.

ఆ ఒక్క నిబంధన నూట అరవై తొమ్మిదేళ్ళు బతికింది. 1801లో మద్రాసు సుప్రీంకోర్టు పెట్టినప్పుడు దానికీ వర్తించింది. 1862లో హైకోర్టులు వచ్చినా పోలేదు. 1915 ఇండియా ప్రభుత్వ చట్టంలో 106వ సెక్షనుగా, 1935 చట్టంలో 226వ సెక్షనుగా కొనసాగింది. ఈ 226 అన్న అంకెను పాఠకులు గుర్తుంచుకోవాలి. మళ్ళీ దాని ప్రస్తావన వస్తుంది.

జమీందారును లాగవచ్చు, సర్కారును కాదు

మద్రాసు రాజధానిలో రైతులు రెండు విధాలుగా ఉండేవాళ్ళు. ఉత్తర సర్కారులలో 1802 నుంచి శాశ్వత పైసలా జరిగి జమీందారీలు స్థిరపడ్డాయి. రైతు, జమీందారు ఒకరికొకరు పట్టా, ముచ్చిలిక రాసి ఇచ్చుకోవాలని 1802 నాటి 30వ రెగ్యులేషన్ చెప్పింది. జమీందారు పట్టా ఇవ్వకపోతే కలెక్టరు ముందు దావా వేసి ఇప్పించుకునే హక్కు 1865లో వచ్చిన 8వ చట్టంలో స్పష్టంగా ఉంది. పట్టా, ముచ్చిలికలు మార్చుకోనిదే జమీందారు బకాయి కోసం దావా వేయరాదని కూడా ఆ చట్టం అన్నది. పట్టా కోసం దావా అనేది మన వాళ్ళకు అంత పాత సంగతి.

రెండో రకం రైతువారీ. ఇది పుట్టింది కూడా ఈ పత్రిక పాఠకులు చాలామంది ఉన్నచోటే. కృష్ణగిరి, ధర్మపురి ప్రాంతాన్ని అప్పట్లో బారామహల్ అనేవారు. 1792లో అది కంపెనీకి దక్కిన తర్వాత అలెగ్జాండర్ రీడ్ కింద థామస్ మన్రో పనిచేసి ఈ పద్ధతి నేర్చుకున్నాడు. 1800 నుంచి దత్తమండలాల్లో, అంటే బళ్ళారి, అనంతపురం, కడప, కర్నూలు సీమల్లో దాన్ని అమలు చేశాడు. మధ్యలో జమీందారు ఉండడు. రైతు నేరుగా సర్కారుకు శిస్తు కడతాడు, సర్కారు పట్టా ఇస్తుంది.

వినడానికి ఇది రైతుకు మేలుగానే ఉంటుంది. చిక్కల్లా ఒక్కటే. ఇక్కడ పట్టా ఇవ్వవలసినవాడూ, శిస్తు వసూలు చేసేవాడూ, ఫిర్యాదు వినవలసినవాడూ ఒక్కడే. సర్కారుకు చెల్లవలసిన శిస్తు రేటు మీద సివిలు కోర్టులు విచారణ చేయరాదని 1864 మద్రాసు రెవెన్యూ రికవరీ చట్టం 58వ సెక్షను చెప్పింది. బొంబాయి రాజధానిలో, అంటే నేటి మహారాష్ట్రలో చాలా భాగానికీ ఉత్తర కర్ణాటక జిల్లాలకూ, 1876 రెవెన్యూ జూరిస్‌డిక్షన్ చట్టం అలాంటి అడ్డుగోడే కట్టింది. జమీందారు పట్టా ఇవ్వకపోతే దావా వేయగల రైతు, సర్కారు మౌనంగా ఉంటే మళ్ళీ ఆ సర్కారుకే అర్జీ పెట్టుకోవాలి.

1855 నివేదిక

ఆ అర్జీల గతి ఏమయ్యేదో చెప్పే గట్టి సాక్ష్యం ఒకటి ఉంది. దాన్ని వెలుగులోకి తేవడంలో మద్రాసులో స్థిరపడిన తెలుగువాడికి పాత్ర ఉంది. ఆయన గాజుల లక్ష్మీనరసు చెట్టి. వర్తకుడు, ‘క్రెసెంట్’ పత్రిక నడిపినవాడు. 1852లో మద్రాసు నేటివ్ అసోసియేషన్ స్థాపించి, రెవెన్యూ ఉద్యోగులు రైతులను పెట్టే బాధల గురించి బ్రిటిష్ పార్లమెంటుకు మహజరు పంపించాడు. పార్లమెంటు సభ్యుడు డాన్బీ సీమూర్ 1853లో వచ్చి జిల్లాలు తిరిగి చూశాడు. 1854లో కామన్స్ సభలో చర్చ జరిగింది. సర్కారు విచారణ సంఘం వేయక తప్పలేదు. 1855లో నివేదిక వచ్చింది.

శిస్తు వసూలుకు రైతులను ఎండలో నిలబెట్టడం, వంచి కట్టివేయడం వంటి హింసలు నిజమేనని ఆ నివేదిక ఒప్పుకుంది. ఈ భాగం చరిత్ర పుస్తకాల్లో కనిపిస్తుంది. అంతగా కనిపించని మాట ఇంకొకటి ఉంది. బాధితులకు న్యాయం దొరకడం ఎంత కష్టమో చూసి తాము ఎక్కువగా బాధపడ్డామని సంఘ సభ్యులు రాశారు. రైతు పనులు మానుకుని, ఖర్చులు పెట్టుకుని, ఎంతో దూరం నడిచి కలెక్టరు దగ్గరకు వెళ్ళి అర్జీ ఇస్తాడు. కలెక్టరు దాని మీద ఒక ముక్క రాసి మళ్ళీ తహసీల్దారుకే పంపిస్తాడు. ఎవరి మీద ఫిర్యాదో వాడి చేతికే అది చేరుతుంది.

నూట డెబ్బై ఏళ్ళు గడిచాయి. నేడు కలెక్టరు కచేరీలో గ్రీవెన్సు రోజున ఇచ్చిన అర్జీ ఎక్కడికి పోతుందో కనుక్కున్నవారికి ఈ వర్ణన పాతదిగా తోచదు. ఆనాటి హింస పోయింది. అర్జీ నడిచే దారి మాత్రం పెద్దగా మారలేదు.

గారబంధ రైతులు

1923లో ప్రివీ కౌన్సిల్ ఒక ముఖ్యమైన తీర్పు చెప్పింది. అది బొంబాయిలోని ఆల్కాక్ ఆష్‌డౌన్ అనే కంపెనీ కేసు. ఆదాయపు పన్ను వివాదంలో ఉన్న న్యాయ ప్రశ్నను రెవెన్యూ అధికారి హైకోర్టుకు నివేదించాలి. ఆయన నివేదించలేదు. రెవెన్యూ విషయాల్లో కోర్టు కలగజేసుకోరాదు కదా అని సర్కారు వాదించింది. చట్టం చేయమన్న పని చేయమని అధికారికి చెప్పడం వేరు, పన్ను విషయాన్ని తానే విచారించడం వేరు అని ప్రివీ కౌన్సిల్ తేల్చింది. శిస్తు ఎంతో కోర్టు చెప్పకపోవచ్చు, కానీ నీ పని నువ్వు చెయ్యి అని చెప్పవచ్చు. ఈనాటి మాండమస్‌కు ఆయువుపట్టు ఈ తేడాయే.

అయితే ఆ కంపెనీ ఉన్నది బొంబాయి నగరంలో. అధికారి చేత విధి చేయించే ఆజ్ఞలు ఇచ్చే అధికారాన్ని 1877 స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 45వ సెక్షను కలకత్తా, మద్రాసు, బొంబాయి హైకోర్టులకే ఇచ్చింది. అదీ ఆ నగరాల హద్దుల లోపలే. పల్లెలో ఉన్నవాడి మాటేమిటి?

దానికి జవాబు పర్లాకిమిడి నుంచి వచ్చింది. గంజాం జిల్లాలోని ఈ పెద్ద జమీందారీలో గారబంధ, మరికొన్ని పల్లెల రైతుల శిస్తును 1908 ఎస్టేట్స్ ల్యాండ్ చట్టం కింద నిర్ణయించారు. వ్యవహారం మద్రాసులోని బోర్డ్ ఆఫ్ రెవెన్యూ దాకా వెళ్ళింది. శిస్తు పెంచుతూ బోర్డు ఇచ్చిన ఉత్తర్వు చట్టం తనకిచ్చిన అధికారాన్ని మించిందని రైతుల వాదన. దాన్ని కొట్టివేయమని, అంటే సెర్షియొరారి రిట్ ఇవ్వమని, మద్రాసు హైకోర్టును అడిగారు. అక్కడ ఓడిపోయారు. లండన్‌లో ప్రివీ కౌన్సిల్‌కు వెళ్ళారు.

ఈలోగా వాళ్ళ రాష్ట్రమే మారిపోయింది. 1936 ఏప్రిల్ 1న ఒరిస్సా రాష్ట్రం ఏర్పడింది. పర్లాకిమిడి జమీందారీ రెండు ముక్కలై పట్టణమూ కొన్ని గ్రామాలూ ఒరిస్సాలో చేరాయి, మిగతావి మద్రాసులో ఉండిపోయాయి. పర్లాకిమిడిలోనే ఉంటూ వ్యావహారిక భాష కోసం పోరాడిన గిడుగు రామమూర్తి పంతులు ఆ విభజనకు నొచ్చుకుని రాజమండ్రికి తరలిపోయింది ఆ సందర్భంలోనే. గారబంధ ఈనాడు ఒడిశాలోని గజపతి జిల్లాలో ఉంది.

1943లో తీర్పు వచ్చింది. వైకౌంట్ సైమన్ దాన్ని వినిపించాడు. మద్రాసు హైకోర్టుకు ఈ రిట్ అధికారం పాత సుప్రీంకోర్టు నుంచి వారసత్వంగా వచ్చింది. ఆ సుప్రీంకోర్టు అధికారం మద్రాసు పట్టణానికీ, బయట అయితే బ్రిటిష్ ప్రజలుగా లెక్కకు వచ్చే తెల్లవారికీ పరిమితం. గంజాం పల్లె రైతులు ఈ రెండింటిలోనూ లేరు. బోర్డు ఆఫీసు మద్రాసులో ఉన్నంత మాత్రాన గంజాం భూముల తగాదా మద్రాసు పట్టణం తగాదా అయిపోదు. కాబట్టి హైకోర్టుకు అధికారం లేదు. తీర్పు సారాంశం ఇదే.

మరో సంగతి కూడా గమనించాలి. తీర్పు వచ్చేనాటికి పర్లాకిమిడి జమీందారు కృష్ణచంద్ర గజపతి నారాయణదేవ్ ఒరిస్సా రాష్ట్రానికి ప్రధానమంత్రి. ఆ రోజుల్లో ముఖ్యమంత్రిని అలాగే పిలిచేవారు. న్యాయమూర్తులు ఆయన పదవిని చూసి తీర్పు చెప్పారనడానికి ఏ ఆధారమూ లేదు, అది చట్టం అన్వయించి చెప్పిన తీర్పే. కానీ రైతు వైపు నుంచి చూడండి. జమీందారూ తానే, సర్కారు పెద్దా తానే. కోర్టు తలుపు మాత్రం మద్రాసు నగరంలో ఇల్లున్నవాడికే తెరుచుకుంటుంది.

226: మూసిన తలుపు, తెరిచిన తలుపు

1950 జనవరి 26న రాజ్యాంగం అమలులోకి వచ్చింది. దాని 226వ అధికరణం ప్రతి హైకోర్టుకూ, తన అధికార పరిధి అంతటా, ఏ అధికారికైనా, ప్రభుత్వానికైనా రిట్లు జారీ చేసే అధికారం ఇచ్చింది. నగరం హద్దులు పోయాయి. 225వ అధికరణంలోని ఒక వాక్యం రెవెన్యూ విషయాలపై ఉన్న పాత ఆంక్షను తీసివేసింది. 1935లో తలుపు మూసి ఉంచిన సెక్షను అంకె 226, 1950లో తలుపు తెరిచిన అధికరణం అంకె కూడా 226. ఇది కాకతాళీయమే అయినా మరచిపోలేని కాకతాళీయం.

ఆ తలుపు ఎవరూ మళ్ళీ మూయరనుకోరాదు. 225లోని ఆ వాక్యాన్ని ఎమర్జెన్సీ కాలంలో 1976 నాటి 42వ సవరణ తొలగించింది. 44వ సవరణ దాన్ని తిరిగి చేర్చింది, అది 1979లో అమలులోకి వచ్చింది.

మొదటి రోజుల్లో ఇంకో అడ్డు కూడా తగిలింది. 1952లో కాకినాడ రిజర్వుడు స్థానం నుంచి మద్రాసు శాసనసభకు గెలిచిన సాకా వెంకటసుబ్బారావు మీద అనర్హత వివాదం వచ్చింది. ఆయన ఎన్నికల సంఘం మీద మద్రాసు హైకోర్టుకు వెళ్ళారు. ఎన్నికల సంఘం ఆఫీసు ఢిల్లీలో ఉంది గనుక మద్రాసు హైకోర్టు దానికి రిట్ ఇవ్వలేదని 1953లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. ప్రధాన న్యాయమూర్తి పతంజలి శాస్త్రి ఆ తీర్పులో పర్లాకిమిడి కేసును కూడా ప్రస్తావించారు. వివాదానికి కారణం ఎక్కడ పుట్టిందో అక్కడి హైకోర్టు కూడా విచారించవచ్చని 1963లో 15వ సవరణ వచ్చాకే ఆ చిక్కు వీడింది.

యానాం సంగతి వేరు. 1954 దాకా అది ఫ్రెంచి పాలనలో ఉంది, మద్రాసు రెగ్యులేషన్లు అక్కడ నడవలేదు. 1962లో పాండిచ్చేరి ప్రాంతమంతా మద్రాసు హైకోర్టు కిందికి వచ్చింది. అందుకే యానాం వాసి చుట్టూ ఆంధ్ర నేల ఉన్నా రిట్ కోసం చెన్నై వెళ్ళాలి.

కోర్టు ఇచ్చేది, ఇవ్వనిది

ఇక్కడ చాలామంది నిరాశ పడతారు. అర్జీకి ఆఫీసు జవాబు చెప్పడం లేదని రిట్ వేస్తే, సాధారణంగా వచ్చే ఉత్తర్వు ఇలా ఉంటుంది: ఈ అర్జీని చట్ట ప్రకారం పరిశీలించి, ఎదుటి పక్షం ఉంటే వాళ్ళ మాట కూడా విని, ఇన్ని వారాలలోగా తేల్చండి. పట్టా ఇవ్వండి అని ఉండదు. ఇంత ఖర్చు పెట్టి వెళితే దక్కింది ఇదేనా అనిపిస్తుంది. కానీ 1923 నాటి తేడా ఇక్కడే పనిచేస్తోంది. కోర్టు తహసీల్దారు కుర్చీలో కూర్చోదు, తహసీల్దారును ఆ కుర్చీలో కూర్చుని పని చేయమంటుంది. గడువు దాటినా కదలకపోతే 1971 చట్టం కింద కోర్టు ధిక్కారం అర్జీ వేయవచ్చు. దానికి ఏడాది లోపే వెళ్ళాలి. కాదని రాసిచ్చినా అది ఓటమి కాదు. కారణాలతో కూడిన ఆ కాగితమే అప్పీలుకు మెట్టు అవుతుంది.

రెండో మాట ఇంకా ముఖ్యం. రెవెన్యూ లెక్కల్లో పేరు మారడం వల్ల హక్కు పుట్టదు, పోదు, శిస్తు ఎవరు కట్టాలో మాత్రమే తెలుస్తుందని సుప్రీంకోర్టు 1996లో సవర్ణి కేసులోనూ, ఆ తర్వాత పలుమార్లూ చెప్పింది. కర్ణాటకలో పహాణీ, మహారాష్ట్రలో సాత్‌బారా, తమిళనాట పట్టా, చిట్టా, ఒడిశాలో ఖతియాన్, పేరు ఏదైనా సూత్రం ఒకటే. యజమాని ఎవరన్నదే తగాదా అయితే సివిలు కోర్టులో దావా వేయాలి. తమిళనాడు 1983 పట్టా పాస్‌బుక్ చట్టం 14వ సెక్షను కూడా ఆ మాటే చెబుతుంది. హక్కు తేల్చమని దావా వేసి తీర్పు తెచ్చుకుంటే దాని ప్రకారం లెక్క సరిచేస్తారు. అన్నదమ్ముల పంపకాల గొడవను మాండమస్‌తో తేల్చుకుందామనుకుంటే డబ్బూ కాలమూ దండగ.

అలాగని శిస్తు రసీదుకు విలువ లేదనుకోవద్దు. అది హక్కు పత్రం కాదు, సాక్ష్యం. ఏళ్ళ తరబడి స్వాధీనంలో ఉన్నట్టు చూపే సాక్ష్యం.

మన భాషలో అర్జీ

మాండమస్ అడగాలంటే ముందు ఒక పని జరిగి ఉండాలి. అధికారిని లిఖితపూర్వకంగా అడిగి ఉండాలి, ఆయన చేయకుండా ఉండి ఉండాలి. నోటిమాటగా ఎన్నిసార్లు తిరిగినా లెక్కలోకి రాదు. తేదీ వేసిన అర్జీ, ఆఫీసు ముద్ర పడిన నకలు, లేదా రిజిస్టరు పోస్టు రసీదు కావాలి. రాష్ట్రం బయటి తెలుగువాళ్ళు చాలామంది ఇక్కడే వెనకబడతారు. ఆఫీసు భాష తమిళం, కన్నడం, ఒడియా, మరాఠీ. మాట్లాడడం వస్తుంది, రాయడం రాదు. రాసిపెట్టే మనిషిని వెతుక్కుంటూ ఏడాది గడిచిపోతుంది.

రాజ్యాంగం 350వ అధికరణం ఈ బాధ తెలిసి పెట్టినట్టుంది. కష్టం చెప్పుకునే అర్జీని కేంద్రంలో గానీ ఆ రాష్ట్రంలో గానీ వాడుకలో ఉన్న ఏ భాషలోనైనా ఏ అధికారికైనా ఇచ్చే హక్కు ప్రతి మనిషికీ ఉంది. హోసూరు తాలూకా ఆఫీసులో తెలుగు అర్జీ ఇవ్వడం దయాభిక్ష కాదు, హక్కు. 1956లో చేర్చిన 350-బి కింద భాషా అల్పసంఖ్యాకుల కోసం ప్రత్యేక అధికారి కూడా ఉన్నారు. తెలుగు అర్జీతో పాటు రాష్ట్ర భాషలో అనువాదం జత చేస్తే పని త్వరగా అవుతుందన్నది వేరే మాట. హైకోర్టులో మాత్రం 348వ అధికరణం ప్రకారం వ్యవహారం ప్రధానంగా ఇంగ్లీషులోనే.

పేర్ల విషయంలో కూడా జాగ్రత్త కావాలి. మన ఇంటిపేరు ముందు వస్తుంది. తమిళ లెక్కల్లో తండ్రి పేరు మొదటి అక్షరం వస్తుంది. తాత పట్టాలో ఇంటిపేరుతో, తండ్రి పట్టాలో తండ్రి పేరు పొడి అక్షరంతో, ఆధార్‌లో మరో విధంగా ఉంటే ముగ్గురూ ఒకే వంశం వాళ్ళని నిరూపించే భారం మన మీద పడుతుంది. లెక్కలు కంప్యూటర్లలోకి ఎక్కేటప్పుడు లిపి మారి పేర్లు చెడిపోయే వీలు కూడా ఉంది. పాత కాగితాలను ఒకసారి పక్కపక్కన పెట్టి చూసుకోవడం మంచిది.

పర్లాకిమిడి చుట్టుపక్కల కుటుంబాల్లో జమీందారీ రోజుల తెలుగు పట్టాలు, శిస్తు రసీదులు ఉంటే వాటిని పారేయకూడదు. జమీందారీల రద్దు కూడా రెండు చట్టాల కింద జరిగింది, సరిహద్దుకు ఇటు 1948 మద్రాసు చట్టం, అటు 1951 ఒరిస్సా చట్టం. ఒకే ఎస్టేటు రైతుల కాగితాలు రెండు దారులు పట్టాయి. ఆ తెలుగు కాగితాన్ని ఇప్పటి ఆఫీసులో చదవగలవాడు లేకపోవచ్చు. ధ్రువీకరించిన అనువాదంతో కోర్టులో చూపిస్తే అది సాక్ష్యమే. చదివి పెట్టగల పెద్దలు మన మధ్య ఉండగానే ఆ అనువాదాలు చేయించుకోవాలి.

గారబంధ రైతులు కేసు ఓడిపోయారు. మద్రాసు నుంచి లండన్ దాకా వెళ్ళి వాళ్ళు తెచ్చుకున్నది, మీరు నగరంలో లేరు గనుక మీ మాట వినలేం అన్న జవాబు. ఏడేళ్ళ తర్వాత రాజ్యాంగం ఊరికీ నగరానికీ ఆ తేడా లేకుండా చేసింది. ఈ రోజు ఒక మారుమూల రైతు తన అర్జీకి ఇన్ని వారాలలో జవాబు ఇవ్వాలన్న కాగితం హైకోర్టు నుంచి తెచ్చుకుంటే, అది వాళ్ళు అడిగి పొందలేకపోయిన హక్కు. ఆ హక్కు వాడుకోవాలంటే మొదట ముద్ర పడిన అర్జీ నకలు ఒకటి చేతిలో ఉండాలి.